ప్రత్యేక వ్యాసం: చదరంగ విజయాలు – తొలి దశలో చేయూత ఆవశ్యకత

బాచుపల్లి: 2024 సెప్టెంబరులో బుడాపెస్ట్ నగరంలో జరిగిన చెస్ ఒలింపియాడ్‌లో భారతదేశం ఓపెన్, మహిళల విభాగాలు రెండింటిలోనూ తొలిసారిగా స్వర్ణ పతకాలు సాధించింది. ఆ రెండు జట్లలోని పదిమంది క్రీడాకారులలో ముగ్గురు తెలుగు రాష్ట్రాలకు చెందినవారే కావడం విశేషం. పెంటేల హరికృష్ణ, ద్రోణవల్లి హారిక గుంటూరుకు చెందినవారు కాగా, ఇరిగేశి అర్జున్ వరంగల్ వాసి.

గుడివాడలో జన్మించిన కోనేరు హంపి 2002లో పదిహేనేళ్ల ప్రాయంలోనే గ్రాండ్‌మాస్టర్ హోదా పొంది, 2019, 2024 సంవత్సరాలలో మహిళల ప్రపంచ రాపిడ్ విజేతగా నిలిచారు. 2018లో గ్రాండ్‌మాస్టర్ అయిన అర్జున్, 2024 డిసెంబరులో 2800 రేటింగ్ దాటి, విశ్వనాథన్ ఆనంద్ తరువాత ఆ ఘనత సాధించిన రెండవ భారతీయుడయ్యారు.

గ్రాండ్‌మాస్టర్ హోదాకు సాధారణంగా మూడు నార్మ్‌లు, 2500 రేటింగ్ అవసరం. నార్మ్‌ల కొరకు బలమైన ప్రత్యర్థులున్న పోటీలకు దేశవిదేశాలు తిరగక తప్పదు. ఆ ప్రయాణ, శిక్షణ వ్యయమంతా విజయానికి ముందే కుటుంబంపై పడుతుంది. హంపికి తండ్రి అశోక్ గారే గురువు. అటువంటి అవకాశం అందరికీ లభించదు. కావున పతకం వచ్చిన పిదప ఇచ్చే పురస్కారంతో పాటు, గ్రామాలు మొదలుకొని బాచుపల్లి వంటి నగర శివార్ల వరకు పాఠశాలల్లో శిక్షకులను, పోటీ వేదికలను తొలి దశలోనే సమకూర్చినపుడే ఈ విజయపరంపర కొనసాగగలదు.