మా బొమ్మ మేమే తీసుకుంటాం

తెలుగు సినిమాలో మాకు రెండే వేషాలు. బాంబు పెట్టేవాడు, లేదంటే హీరో కోసం ప్రాణమిచ్చే భాయ్. మధ్యలో ఎవరూ లేరా? పొద్దున్నే సైకిలెక్కి బందరు పనికి పోయేవాడు, డ్వాక్రా వాయిదా కట్టలేక వాకిట్లో కూలబడ్డ ఆమె, వీళ్లెవరు మరి?

అందుకే గూడూరులో ఓ చిన్న డాక్యుమెంటరీ తీద్దామనుకున్నాం. నిర్మాత లేడు. చేతిలో సెల్‌ఫోను, అరువు తెచ్చిన మైకు. మొదటి ప్రశ్న మన సెక్యులర్ మిత్రులే వేశారు: "గూడూరులో ఏముంది? గొడవలేం జరగలేదుగా?"

ఆ మాట గుచ్చుకుంది. దీపా ధన్‌రాజ్ 'క్యా హువా ఇస్ షహర్ కో' (1986) హైదరాబాదు 1984 అల్లర్ల మీద. ఆనంద్ పట్వర్ధన్ 'రామ్ కే నామ్' (1992) అయోధ్య మీద. రెండూ మా పక్షాన నిలబడ్డ సినిమాలే, కాదనం. కానీ ఇళ్లు తగలబడితేనే కెమెరా మా వీధికొస్తుందా? పొయ్యి మామూలుగా వెలిగిన రోజున మేం మనుషులం కామా?

గూడూరు మండలంలోనే కప్పలదొడ్డి ఉంది. కలంకారీ అద్దకం ఊరు. కుతుబ్‌షాహీల కాలంలో బందరు రేవు నుంచి కలంకారీ బట్టలు పర్షియాకు ఓడలెక్కాయి. ఇప్పుడు అద్దకం మీద ఫిల్మంటే తెలిసిందే: కరక్కాయ నీళ్లలో నానిన గుడ్డ, టేకు అచ్చు, కాలవలో జాడింపు, వెనకాల సితార్. అచ్చు కొట్టే చెయ్యి కనిపిస్తుంది, ముఖం కనిపించదు. రోజు కూలెంతని అడగరు.

మా నూర్‌బాషా ముసలమ్మ తెలుగులోనే ఏడుస్తుంది, తెలుగులోనే తిడుతుంది. 1977 ఉప్పెన సంగతి చెప్పినా అచ్చమైన కృష్ణా జిల్లా తెలుగే. ఆమె చేత నాలుగు ఉర్దూ ముక్కలు పలికించమని సలహా! ఉర్దూ వస్తేనే ముస్లిమా? బయటివాళ్లే కాదు, మాలో సయ్యదులం, పఠాన్లం అనుకునేవాళ్లూ ఇదే అడుగుతారు. దూదేకులవాళ్ల పిల్లను కోడలిగా తెచ్చుకోనివాళ్లు మాకు కౌమ్ పరువు గురించి చెబుతారు.

తస్వీరు హరామన్నారు ఇంకొందరు. పెళ్లికి డ్రోను ఎగరేసి వీడియో తీయించినప్పుడు ఎటుపోయింది ఆ హరాము? ఆడవాళ్లు నోరు విప్పుతారనే కదా మీ భయం? మేం ముందు వాళ్లనే మాట్లాడనిస్తాం. ముఖం వద్దన్నామెకు గొంతు చాలు. అదీ వద్దంటే తీసేస్తాం. తీసిందంతా ఆ వీధిలోనే గోడకి దుప్పటి కట్టి వాళ్లకే ముందు చూపిస్తాం. ఏది ఉంచాలో ఏది కొయ్యాలో వాళ్లు చెప్పాకే విజయవాడైనా, హైదరాబాదైనా.