వహీదా రెహమాన్ – మనం తెరవని తెలుగు పుట

హిందీ చలనచిత్ర నటీమణులలో వహీదా రెహమాన్ పేరు ఎరుగనివారు అరుదు. కాని ఆమె కీర్తికి తొలి మెట్టు తెలుగు పాట అని మన విద్యార్థులలో ఎందరికి తెలియును?

1938లో చెంగల్పట్టులో, ఉర్దూ మాట్లాడే ముస్లిం కుటుంబంలో ఆమె జన్మించినది. తండ్రి ప్రభుత్వాధికారి. కూతురు భరతనాట్యం నేర్చుకొనుటకు ఆయన అడ్డు చెప్పలేదు. ఆయన గతించిన పిదప, 1955లో, తాపీ చాణక్య దర్శకత్వం వహించిన 'రోజులు మారాయి'లో ఆమె నర్తించినది. కొసరాజు రచన, మాస్టర్ వేణు బాణీ, జిక్కి గళం. ఆ ఏరువాక పాటతో పదిహేడేండ్ల బాలిక ఊరూరా తెలిసిపోయినది. ఆ ఏడే 'జయసింహ'లో ఎన్.టి. రామారావు సరసన నటించినది. ఆ పాట బాణీ కూడా ఊరకుండలేదు. 1960లో 'బంబయ్ కా బాబూ' ద్వారా హిందీకి చేరినది!

రంగనాయక సాగర్‌కు 2020లో నీరు వచ్చిన మా చంద్లాపూర్‌లో ఏరువాక అనే మాటకు అర్థం చెప్పనక్కరలేదు. ఆ పాట వినిపించిన మా పెద్దలు తల ఊపుదురు. ఆడినదెవరో చెప్పినచో మాత్రం, "గామె హిందీ ఆమె గదా!" అందురు.

హైదరాబాదుకు వచ్చిన గురుదత్‌కు ఒక చిత్ర పంపిణీదారు ఆమె సంగతి చెప్పగా, ఉర్దూ వచ్చునా అని ఆయన ఆరా తీసినారు. వచ్చును. తెలుగు తెర ఆమెను ఆయన కంటబడునట్లు చేసినది. ఉర్దూ ఆమెను బొంబాయికి చేర్చినది. అచట పేరు మార్చుకొమ్మన్నారు. తల్లిదండ్రులు పెట్టిన పేరు మార్చుకొననన్నది. తనకు నచ్చని దుస్తులు ధరించనన్న షరతును ఒప్పందంలో వ్రాయించినది. ఇంకను పద్దెనిమిదేండ్లు నిండని అమ్మాయి, పేరున్న దర్శకుల ముందు! 'సి.ఐ.డి.' (1956), 'ప్యాసా' (1957), 'గైడ్' (1965) చిత్రాల కంటె నాకు ఈ ఘట్టమే గొప్పదిగా తోచును. దాదాసాహెబ్ ఫాల్కే పురస్కారం 2023లో ఆమెను వరించినది.

సినీరంగం పూలబాట అని నేననను. అయితే రంగస్థలమెక్కిన ఆడపిల్ల మర్యాద కోల్పోవునని వాదించు పెద్దలు ఆ ఒప్పందాన్ని ఒకమారు తలచుకొందురు గాక. ఉర్దూ మాధ్యమం పిల్లలకు తెలుగెందుకని అడుగువారు, ఉర్దూ మనకేమిటని ముఖం తిప్పుకొను తెలుగు మిత్రులు కూడా.

మన సంచికలో ఉర్దూ కుడి నుండి, తెలుగు ఎడమ నుండి మొదలై నడుమ కలియును. చదువరులు మాత్రం ఆ నడిమి పుట దాటరు. కళాశాల సంఘం వారికి నా విన్నపం: రాబోవు వార్షికోత్సవంలో 'రోజులు మారాయి' ప్రదర్శించండి. దానిని గూర్చి ఉర్దూ విభాగపు విద్యార్థిని తెలుగులోను, తెలుగు విభాగపు విద్యార్థి ఉర్దూలోను వ్రాయవలెను. తప్పులు దొర్లినను, దిద్ది అచ్చు వేయండి.