పది తర్వాత దారేది?

పదో తరగతి ఫలితాలు రాగానే రైతు ఇంట్లో మొదలయ్యే లెక్క మనందరికీ తెలిసిందే. పట్నంలోని కార్పొరేట్ కాలేజీ నుంచి ఫోన్ వస్తుంది. ఎంపీసీ అంటారు, బైపీసీ అంటారు, హాస్టల్‌తో కలిపి ఫీజు చెబుతారు. మిర్చి అమ్మిన డబ్బు అప్పటికే పాత బాకీకి జమ అయిపోయి ఉంటుంది. ఫీజు కోసం మళ్లీ ఆ కమీషన్ వ్యాపారి గడపే ఎక్కుతాం. వచ్చే పంట కూడా తన కొట్టుకే తేవాలన్న షరతు మీద అప్పు పుడుతుంది.

రెండేళ్ల తర్వాత మంచి ర్యాంకు వచ్చేది కొందరికే. మిగిలినవారు ఏదో ఒక డిగ్రీలో చేరతారు, లేదంటే మధ్యలో మానేసి నగరంలో చిన్న ఉద్యోగం వెతుక్కుంటారు. అప్పు మాత్రం ఇంటి దగ్గరే ఉండిపోతుంది.

ఇదే సమయంలో ఊళ్లో ఏం జరుగుతోందో చూడండి. వరి కోతల వేళ హార్వెస్టర్ ఆగిపోతే మెకానిక్ కోసం రోజంతా ఎదురుచూస్తాం. మోటారు కాలిపోతే వైండింగ్‌కు టౌనుకు మోసుకెళ్తాం, అది తిరిగొచ్చేలోగా మడి బీటలు వారుతుంది. డ్రోన్‌తో మందు కొట్టించాలన్నా బయటివారినే పిలుస్తున్నాం. ఊళ్లో పని ఉంది, చదివిన పిల్లలూ ఉన్నారు. ఆ రెంటినీ కలిపే చదువే లేదు.

అసలు దారులే లేవా అంటే, ఉన్నాయి. పది పాసైతే ఐటీఐలో ట్రాక్టర్ మెకానిక్, ఎలక్ట్రీషియన్ వంటి ట్రేడ్లు ఉన్నాయి. వ్యవసాయ విశ్వవిద్యాలయాల కింద పాలిటెక్నిక్‌లలో రెండేళ్ల వ్యవసాయ డిప్లొమా ఉంది. తెలంగాణలో ఏఈవోలుగా, ఆంధ్రప్రదేశ్‌లో గ్రామ వ్యవసాయ సహాయకులుగా పనిచేస్తున్న వారిలో ఈ డిప్లొమా చదివినవారు ఉన్నారు. ఇంటర్‌లోనూ వృత్తి విద్యా కోర్సులు ఉన్నాయి. పద్దెనిమిదేళ్లు నిండి పది పాసైనవారు శిక్షణ తీసుకుని డ్రోన్ పైలట్ సర్టిఫికెట్ పొందవచ్చు. ఈ సంగతులు మన ఇళ్లకు చేరవు. కార్పొరేట్ కాలేజీకి ఊరూరా ఏజెంట్లు ఉన్నారు, ప్రభుత్వ ఐటీఐకి లేరు.

ప్రభుత్వాలు మాటలకు ఏనాడూ కరువు పెట్టలేదు. మాధ్యమిక విద్యలో వృత్తి శిక్షణకు పెద్దపీట వేయాలని కొఠారీ కమిషన్ 1966లోనే చెప్పింది. 2025 నాటికి కనీసం 50 శాతం విద్యార్థులకు వృత్తి విద్యతో పరిచయం కల్పిస్తామని 2020 జాతీయ విద్యావిధానం రాసుకుంది. ఆ గడువు దాటిపోయింది. మీ మండలంలోని ఉన్నత పాఠశాలల్లో ఎన్నింటిలో ఒక్క ట్రేడ్ అయినా నడుస్తోందో లెక్క తీయండి. నడుస్తున్నచోట బోధకులు రెగ్యులరా, ఔట్‌సోర్సింగా? జీతం నెలనెలా అందుతోందా? పనిముట్లు పిల్లల చేతికి వస్తున్నాయా, బీరువాలోనే ఉంటున్నాయా?

పాఠశాల వ్యవసాయ కోర్సుల్లో టమాటా, వంగ, మిరప సాగు ఉంది. నారు పోయడం నుంచి తెగుళ్ల దాకా పాఠాలు ఉన్నాయి. మిరప పండించే రైతు బిడ్డ ఆ పాఠాన్ని నల్లబల్ల మీద నేర్చుకుంటే ఏం లాభం? బడికి అరెకరం నేల, ఒక బోరు, కృషి విజ్ఞాన కేంద్రంతో అనుబంధం ఉండాలి. అనుభవం ఉన్న రైతుల పొలాల్లోనే వ్యవసాయ పాఠశాలలు నడపాలని స్వామినాథన్ కమిషన్ కూడా సూచించింది. మన పొలాలు ఇవ్వడానికి మనం సిద్ధంగా ఉండాలి.

ఒక హెచ్చరిక కూడా చేయాలి. వృత్తి విద్య పేరుతో రైతు, కూలీ పిల్లలకు పై చదువుల తలుపు మూసేస్తే మేము ఒప్పుకోం. డాక్టర్ కాగలిగిన బిడ్డ డాక్టరే కావాలి. ట్రేడ్ చదివిన బిడ్డకూ రేపు డిప్లొమాకు, డిగ్రీకి వెళ్లే దారి తెరిచే ఉండాలి. ఇంటర్ వొకేషనల్ వారికి ఉన్న బ్రిడ్జి కోర్సు కాగితం మీద కాక ప్రతి కాలేజీలో అందాలి. అప్రెంటిస్ పేరుతో పిల్లలను చవక కూలీలుగా వాడుకోవడాన్ని అడ్డుకోవాలి. ఆడపిల్లల చదువుకు దూరమే మొదటి అడ్డు. బస్సు, హాస్టల్ లేకపోతే పది తర్వాత పెళ్లి మాటే వస్తుంది.

ఇంకో నిజం దాచకూడదు. ఎంత శిక్షణ ఇచ్చినా, సేద్యం గిట్టుబాటు కాకపోతే ఏ బిడ్డా పొలంలో నిలవడు. యువతను వ్యవసాయంలో నిలపడం గురించి మాట్లాడిన స్వామినాథన్ కమిషనే, ఉత్పత్తి ఖర్చుపై కనీసం 50 శాతం కలిపి మద్దతు ధర ఇవ్వాలనీ చెప్పింది. మొదటిది తీసుకుని రెండోది వదిలేస్తే కుదరదు. మెకానిక్ బతకాలన్నా రైతు చేతిలో డబ్బు ఆడాలి.

కాబట్టి మేము అడిగేవి ఇవి. ప్రతి మండలంలో కనీసం ఒక ఉన్నత పాఠశాలలో పొలంతో కూడిన వ్యవసాయ ట్రేడ్, వ్యవసాయ యంత్రాల ట్రేడ్ పెట్టాలి. బోధకులను రెగ్యులర్ చేయాలి. ఐటీఐలలో ఖాళీలు నింపి, పాత యంత్రాలు మార్చాలి.

ప్రభుత్వం కదిలేదాకా మనం ఊరికే కూర్చోవద్దు. ప్రతి గ్రామ కమిటీ ఈ నెలలోనే పది పాసైన, తప్పిన పిల్లల జాబితా రాయాలి. ఒక రోజు కేటాయించి తల్లిదండ్రులతో సహా వారిని దగ్గరి ఐటీఐకి, వ్యవసాయ పాలిటెక్నిక్‌కు, కృషి విజ్ఞాన కేంద్రానికి తీసుకెళ్లాలి. దరఖాస్తు గడువులను రచ్చబండ దగ్గర రాసి పెట్టాలి. ఫీజుకు అప్పు పత్రం మీద వేలిముద్ర పడకముందే ఆ ఇంటికి మన కార్యకర్త వెళ్లాలి.