ఫార్మాట్ చేయడం రిపేరు కాదు

పాస్‌వర్డ్ మరిచిపోతే కంప్యూటర్‌ను ఫార్మాట్ చేయాల్సిందే అనే మాట ఇకమీదట మన బడిలో ఎవరూ అనకూడదు. ఇంటి తాళంచెవి పోతే తాళం తీసేవాణ్ణి పిలుస్తాం గాని, ఇల్లు పడగొట్టి మళ్లీ కట్టుకోం గదా!

పోయిన ఏడు మా ల్యాబులో జరిగింది అదే. తెలుగు అయ్యవారు రిటైరయ్యారు. ఆయన కంప్యూటర్ పాస్‌వర్డ్ ఎవరికీ తెలియదు. ఫోన్ చేసి అడిగితే ఆయనకీ గుర్తు రాలేదు. అంగడి నుంచి ఒకాయన వచ్చి, "ఫార్మాట్ కొడితే సరిపోతుంది" అన్నాడు. సరిపోయింది! తొమ్మిదేళ్లుగా ఈ పత్రికకు పిల్లలు రాసినవి, అయ్యవారు సాయంత్రాలు కూర్చుని టైపు చేసినవి, అన్నీ పోయాయి. మన హోసూరులో తెలుగు టైపు చేసేవాళ్లు ఎంతమంది? వాటిని మళ్లీ ఎవరు కొడతారు?

నిజానికి విండోస్ మన పాస్‌వర్డ్ గుర్తును 'సామ్' అనే ఒక ఫైలులో దాచుకుంటుంది. విండోస్ నడుస్తున్నంతసేపు ఆ ఫైలును ముట్టనివ్వదు. సీడీ నుంచో పెన్‌డ్రైవ్ నుంచో లినక్స్‌తో కంప్యూటర్‌ను లేపితే, విండోస్ నిద్రలోనే ఉంటుంది. అప్పుడు ఆ గుర్తును చెరిపేయవచ్చు. నార్వేకు చెందిన పెట్టర్ నోర్డాల్ హాగెన్ 1997లోనే ఇందుకు ఒక ఉచిత ప్రోగ్రాం రాశాడు. అంత దూరం పోనక్కర్లేదు, పాస్‌వర్డ్ జోలికి పోకుండానే ఫైళ్లను ఇంకో పెన్‌డ్రైవ్‌లోకి కాపీ చేసుకోవచ్చు. అయ్యవారి ఫైళ్లకు అదే చాలు.

"ఇది పిల్లలకు దొంగతనం నేర్పడమే" అని ఒక సారు నాతో అన్నారు. కాదండీ. ఇతరుల కంప్యూటర్‌ను అనుమతి లేకుండా తెరవడం 2000 నాటి ఐటీ చట్టం ప్రకారం నేరమే, ఆ సంగతీ నేర్పుదాం. కానీ బడి కంప్యూటర్‌ను బడే తెరుచుకుంటే అది దొంగతనం ఎట్లా అవుతుంది? పైగా దీనికీ హద్దులున్నాయి. బిట్‌లాకర్ వేసి ఉంటే 48 అంకెల రికవరీ కీ లేనిదే ఏ డిస్కూ పనిచేయదు. విండోస్‌లోనే ఎన్‌క్రిప్ట్ చేసిన ఫైళ్లుంటే, పాస్‌వర్డ్ చెరిపాక అవి తెరుచుకోకపోవచ్చు. అందుకే తెలిసినవాళ్లు చేయాలి, తెలియనివాళ్లు ఫార్మాట్ కొట్టకూడదు.

ల్యాబులో ఇంకా ఆరు కంప్యూటర్లున్నాయి. పాస్‌వర్డ్ గుర్తున్నప్పుడే విండోస్‌లో రీసెట్ డిస్కు చేసుకోవచ్చు; తర్వాత పాస్‌వర్డ్ ఎన్నిసార్లు మార్చినా అదే పనికొస్తుంది. ఆరు పాత పెన్‌డ్రైవ్‌లు నేనే అడిగి తెస్తాను. హెడ్మాస్టరు గారు తమ బీరువాలో ఒక అర ఖాళీ చేయించాలి, అంతే.