బీరువాలో కొండభాషల చోటు

పుస్తక మెక్కడ నున్న నేమి, దొరకినఁ జాలదా యని మన చదువరులలోఁ గొంద ఱడుగుదురు. చాలదని మా వాదము. గ్రంథవర్గీకరణ మనఁగా విద్యాసభలో నెవరికి ముందుపీట, యెవరికి వెనుకపీట యని తేల్చుటయే.

1876లో అమెరికాలో మెల్విల్ డ్యూయీ విద్యలన్నింటిని పది తరగతులుగా విభజించెను. సాహిత్యము 800. అందు ఆంగ్లమునకుఁ బది సంఖ్యలు, జర్మనుకుఁ బది, ఫ్రెంచికిఁ బది. తక్కిన ప్రపంచభాషలలోఁ బెక్కు 890లో నిఱికినవి. నన్నయ మొదలు నేఁటివఱకుఁ గల మన వాఙ్మయమంతయు 894.827. బైబిలునకును క్రైస్తవమునకును 220 మొదలు 280 వఱకు నియ్యఁగా, హిందూమతమునకు దక్కినది 294.5. మనవారు నొచ్చుకొందురు, న్యాయమే. 1933లో మదరాసున రంగనాథన్ గారు ద్విబిందు వర్గీకరణమును వెలువరించి, గ్రంథాలయము తన యభిమానభాషకుఁ బ్రత్యేకస్థాన మిచ్చుకొనుటకు దారి చూపిరి. డ్యూయీ పద్ధతియుఁ దరువాత నట్టి వెసులుబాటు కల్పించినది.

ఆ వెసులుబాటును మనము మన్యమున కేల యియ్యము? జి.మాడుగుల, పాడేరు, అరకు సీమలలో కువియు, ఆదివాసి ఒడియాయు, గదబయు నిరుగుపొరుగు భాషలు. డ్యూయీ లెక్కలో కువి ద్రావిడము గనుక 494. ఒడియా ఆర్యభాష గనుక 491. గుతోబ్ గదబ ముండాశాఖ గనుక 495. పండితునికిది సబబే. కొండబిడ్డకు మాత్రము తన యూరి మాటలు మూఁడు మూలల వెదకుకొన వలసివచ్చును.

ఇంతకు మించినది వేఱొకటి కలదు. మైదానపు రచయిత కల్పించిన కథ సాహిత్యము. కొండమీఁది అవ్వ చెప్పిన కథ యచ్చైనచో 398, జానపదము. ఆమె జాతిని గూర్చిన గ్రంథము 305, సంఘశాస్త్రము. మైదానపు జానపదకథయు 398కే పోవును గదా యందురు. పోవును. కాని తెలుఁగువారికి 398 గాక పోతన యున్నాఁడు, గురజాడ యున్నాఁడు. కొండవారి కున్నదంతయు నోటి వాఙ్మయమే. దానిని సాహిత్యపు గుమ్మమువెలుపల నిలిపినచో లోపల వారికి మిగులు నదేమి?

పుస్తకములే లేవనుట సాకు. గిడుగు రామమూర్తి పంతులుగారు సవరభాషకు 1931లో వ్యాకరణమును, 1938లో నిఘంటువును వెలువరించిరి. 2004లో మొదలైన బహుభాషావిద్యకై కువి, కొండ, ఆదివాసి ఒడియా భాషలలోఁ దెలుఁగు లిపితోఁ బాఠ్యపుస్తకములు వచ్చినవి. ఆదివాసులకని 2022లో అల్లూరి సీతారామరాజు జిల్లా నేర్పడినది. ఆ జిల్లాలోని ప్రతి గ్రంథాలయమునందును ద్వారమునకు దగ్గఱి బీరువా స్థలభాషలకు విడువుఁడు. అవ్వ చెప్పిన కథను అవ్వ పేరనే, సాహిత్యముగా, పట్టికలో నెక్కింపుఁడు. ఇందులకు శాసనము మార్చ నక్కఱలేదు. కొన్ని చీట్లును, ఒక సిరాబుడ్డియుఁ జాలును.