జమాబందీ గుడారము నుండి గడప వఱకు

సంక్రాంతి వేళ అహోబిలమునుండి పారువేటకు వెడలిన నరసింహస్వామి పల్లకి నలువది దినములకు తక్కువ కాకుండ ఆళ్లగడ్డ పరిసర గ్రామములలో తిరుగును. ముప్పదికి పైబడిన పల్లెలలో ఆగును. తన కల్యాణమునకు జనులను పిలుచుటకు స్వామి తానే వచ్చినాడని ఇచ్చటివారి నమ్మకము. చెంచులకైతే ఆయన దేవుడు మాత్రమే కాదు, తమ యాడపడుచును చేపట్టిన బావ. వేలుపే ఊరూరికిని వచ్చి పిలుచు ఆచారము గల ఈ సీమలో, సర్కారు మనిషి ప్రజల యొద్దకు రావలయునా, ప్రజలే కచ్చేరి మెట్లెక్కవలయునా అను ప్రశ్న నిన్న మొన్న పుట్టినది కాదు. రెండు శతాబ్దులలో దానికి పలు జవాబులు వచ్చినవి. 2019 పిదప వచ్చినన్ని మాత్రము మునుపెన్నడును రాలేదు.

1800లో నిజాము ఈస్టిండియా కుంపిణీకి ధారపోసిన దత్తమండలములకు ప్రధాన కలెక్టరుగా వచ్చిన థామస్ మన్రో 1807 వఱకు ఇచ్చట నుండెను. నంద్యాల అప్పటికి కర్నూలు నవాబు ఏలుబడిలోనే యుండి 1839లో గాని కుంపిణీ వశము కాలేదు. పొరుగుననున్న కోయిలకుంట్ల సీమ మాత్రము మన్రో చేతి క్రిందికి వచ్చెను. గుడారములు వేసికొని ఊరినుండి ఊరికి సాగుచు, పొలమును, పైరును, రైతును కన్నులార చూచి శిస్తు నిర్ణయించు పద్ధతికి ఆయన పాటుపడెను. నడుమ జమీందారు లేడు గనుక ప్రభుత్వము రైతు నెఱుగవలయును. ఎఱుగవలెనన్న నడిచి రావలయును. రైత్వారీ పద్ధతికి ప్రాణ మిదియే, ఏటేట జరుగు శిస్తు లెక్కల తీర్మానమగు జమాబందీ ఆ రాకకు ఏర్పడిన గడువు. మన్రో వచ్చినది శిస్తు కొఱకే. పాళెగాండ్ర నణచినదియు ఆయనయే. అయినను 1827లో, మద్రాసు గవర్నరుగా పర్యటించుచు పత్తికొండలో కలరా సోకి ఆయన మరణించిన పిదప, ఈ సీమలో బిడ్డలకు ఆయన పేరు పెట్టుకొనిన కుటుంబములు కలవు.

ఆ రాకపోకలు సన్నగిల్లి, కచ్చేరి యొక కోటగా మారినప్పు డేమగునో తెలిసికొనుటకు దూరము పోనక్కరలేదు. ఆళ్లగడ్డకును కోయిలకుంట్లకును నడుమనున్న ఉయ్యాలవాడ చాలును. అచ్చటి నరసింహారెడ్డి కుటుంబమునకు రావలసిన భరణము విషయమున తహసీలు కచ్చేరితో పొడమిన వైరమును, కట్టుబడి మాన్యములను కుంపిణీ లాగికొనుటచే పల్లెలలో రగిలిన క్రోధమును ఒక్కటై, 1846లో ఆయన నాయకత్వమున కోయిలకుంట్ల ఖజానాపై విరుచుకొనిపడెను. 1847 ఫిబ్రవరి 22న ఆయనను ఆ కోయిలకుంట్లలోనే ఉరి తీసిరి. ఆ తిరుగుబాటును స్వాతంత్ర్య పోరాటముగా స్మరించుట ఉచితమే. దానితో బాటు, నాలుగు రూకల భరణమునకై వచ్చినవానికి కచ్చేరి ఇచ్చిన జవాబు ఎట్టిదియో కూడ పాలకులు స్మరింపదగును.

కరణము, మునసబు గారల కాలము అందఱెఱిగినదే. లెక్క కరణముగారి ఇంటనుండెడిది. ఆయన నోట నున్నదియే అడంగలు. ఊరికి అత్యంత సమీపమున నున్న ఉద్యోగి ఆయనయే, అత్యంత దుర్గముడును ఆయనయే. 1984లో ఎన్.టి. రామారావు ప్రభుత్వము వంశపారంపర్యముగా వచ్చిన ఆ వ్యవస్థను రద్దు చేసి, 1985లో తాలూకాలను మండలములుగా విడదీసినపుడు, ఆళ్లగడ్డ ప్రాంతమున సిరివెళ్ల, రుద్రవరం, చాగలమర్రి, ఉయ్యాలవాడ, దొర్నిపాడు వంటి ఊళ్లకు కచ్చేరి దగ్గఱయ్యెను. అంతకు మునుపే, 1952 అక్టోబరు 2న మొదలైన సమాజ వికాస పథకముతో గ్రామసేవకుడు, బీడీవో అను కొత్త మనుష్యులు పల్లెకు వచ్చిరి. శిస్తు వసూలు చేయుటకు గాక, విత్తనము, ఎరువు, బావి చూపుటకు వచ్చిన సర్కారు ఉద్యోగులు వారు. 1997 జనవరిలో మొదలైన జన్మభూమి అధికారులను శ్రమదానములో పలుగు పట్టించెను. రచ్చబండ అను కార్యక్రమమునకై చిత్తూరు జిల్లాకు బయలుదేరిన ముఖ్యమంత్రి రాజశేఖరరెడ్డి 2009 సెప్టెంబరు 2న ఈ నల్లమలలోని పావురాలగుట్ట మీదనే అసువులు బాసెను.

పై వానికన్న గంభీరమైన మార్పు రెండు చోట్ల, పెద్ద సందడి లేకుండ, జరిగినదని నా భావము. నంద్యాలనుండి కర్నూలు పోవు దారిలోని ఓర్వకల్లు మండలములో 1990ల మధ్య ఐక్యరాజ్యసమితి అభివృద్ధి సంస్థ తోడ్పాటుతో నిలద్రొక్కుకొనిన పొదుపు సంఘములలో, స్త్రీలు తమ తీర్మానము తామే వ్రాసికొని అధికారిని తమ సభకు పిలిపించుకొనిరి. పిలిచినది వారు, కూర్చొని వినినది ఆయన. రెండవది సామాజిక తనిఖీ. 2006 ఫిబ్రవరి 2న అనంతపురం జిల్లా బండ్లపల్లిలో ఉపాధి హామీ పథకము ప్రారంభమైన పిదప మన రాష్ట్రము దీనిని చట్టబద్ధమైన అలవాటుగా మలచినది. మస్టరులోని పేర్లను ఊరి నడుమ బిగ్గరగా చదువుదురు. "నీవు పదునాలుగు దినములు పనికి వచ్చినట్లున్నదే" అని అడిగినపుడు "నేను ఎనిమిది దినములే పోయినాను సార్" అని కూలి చెప్పును. ఫీల్డ్ అసిస్టెంటు నలుగురిలో లేచి నిలిచి జవాబు చెప్పవలసి వచ్చును. సేవకుడను పదమునకు అర్థము ఆ క్షణమున కన్నులకు కట్టును.

ఇక నేటి స్థితి. 2019 ఆగస్టు 15న ప్రతి యేబది కుటుంబములకు ఒక వాలంటీరును, అక్టోబరు 2 నుండి గ్రామ, వార్డు సచివాలయములను ప్రభుత్వము నెలకొల్పెను. రాష్ట్రమున పదునైదువేల సచివాలయములు. ఒక్కొక్కదానిలో పంచాయతీ కార్యదర్శి, డిజిటల్ అసిస్టెంటు, సర్వేయరు, వెల్ఫేర్ అసిస్టెంటు, ఏఎన్ఎం, మహిళా పోలీసు మొదలగువారు. మునుపు మండల కేంద్రమున కూడ కానరాని యింతమంది చదువుకొనిన యువకులు పల్లెలోనే కుర్చీ వేసికొని కూర్చుండుట అల్పమైన సంగతి కాదు. వాలంటీరు విషయము వేఱు. నెలకు 5,000 రూపాయల గౌరవ వేతనమునకు పనిచేసిన ఆ యువజనులు ఇంటింటి గుట్టు నెఱిగియుండిరి, కాని ఉద్యోగులు కారు, ఎవరికి జవాబుదారులో చట్టము చెప్పలేదు. 2024 మార్చి 30న ఎన్నికల సంఘము వారిని పింఛను పంపిణీకి దూరముగా నుంచుమనెను. ఏప్రిలు ఎండలలో వృద్ధులు సచివాలయములకు నడిచిరి. ప్రభుత్వము మాఱినది. జులై 1న సచివాలయ ఉద్యోగులే గడపగడపకు పోయి, పెంచిన 4,000 రూపాయల పింఛనును బకాయితో కలిపి 7,000గా చేతిలో పెట్టిరి. ఏ రాజకీయ పక్షము పేరు చెప్పకుండనే ఒక్క మాట చెప్పవచ్చును: కొద్ది నెలల వ్యవధిలో ఒకే పనికి మూడు వేఱువేఱు పద్ధతులు వచ్చినపుడు, ముదుసలికి పైకము అందవచ్చును గాని, తన వాడెవడో తెలియదు.

నెల మొదటి తేదీన ఉదయముననే ఆళ్లగడ్డ వీధులలో ఈ పింఛను పంపిణీ మొదలగును. ఈ పట్టణము శిల్పులకు పేరు పొందినది. ఉలి, సుత్తి మోతలతోనే ఇచ్చట కొన్ని వీధులు మేలుకొనును. దేవతామూర్తుల వ్రేళ్లకు గోళ్లను కూడ తీర్చిదిద్దిన పెద్దల స్వంత వ్రేళ్ల గీతలు నలుబది యేండ్ల రాతిపనిలో అరిగిపోయినవి. యంత్రము మీద బొటనవ్రేలు మోపుదురు, ఎఱ్ఱదీపము. తుడిచి మోపుదురు, మఱల ఎఱ్ఱదీపము. "పెద్దాయనా, ఆ చేయి గాదు, ఈ చేయి పెట్టు" అని సచివాలయమునుండి వచ్చిన యువకుడు ఓపికగా అడుగును, చివఱకు కన్ను చూపించి పని ముగించును. అతని యెదుట ఇంకను నలువది ఇండ్లున్నవి, పంపిణీ శాతము గంటగంటకు పైకి పోవుచుండవలెను. "మా మనవరాలి స్కాలర్‌షిప్పు రాలేదు నాయనా" అని పెద్దాయన అనబోవు సరికి అతడు మోటారు సైకిలు ఎక్కియుండును. తప్పు అతనిది కాదు. అతని ఫోనులో పింఛను ఇచ్చితినని నొక్కుటకు చోటున్నది. పెద్దాయన ఏమనెనో వ్రాయుటకు చోటు లేదు.

నేను చెప్పదలచినది ఇదియే: చేర్చు పనిలో మన ఉద్యోగి ఎన్నడును లేనంత నేర్పరి యైనాడు, విను పనికి అతనికి వేళయు లేదు, అధికారమును లేదు. 2022 ఏప్రిల్ 4న నంద్యాల జిల్లా యేర్పడి, నూరు కిలోమీటర్లకు మించి యున్న కలెక్టరు కచ్చేరి ఆళ్లగడ్డవారికి నలువది కిలోమీటర్ల దూరమునకు వచ్చినది. ప్రతి సోమవారమును అర్జీదారులు అచ్చట బారులు తీరుదురు. ఆ అర్జీ తిరిగి పోవునది ఎవరి వలన అన్యాయము జరిగినదని అర్జీదారుడు మొఱపెట్టెనో ఆ కచ్చేరికే. కొన్నాళ్లకు "పరిష్కరించబడినది" అను సందేశము ఫోనుకు వచ్చును. భూముల రీసర్వేలో ఇద్దఱి పొలములు ఒకే సంఖ్య క్రింద కలిసిపోయిన రైతుకు ఆ సందేశము ఎంతటి గాయమో, 2024 డిసెంబరులో ఊరూర రెవెన్యూ సదస్సులు పెట్టవలసి వచ్చినపుడు ప్రభుత్వమునకే తెలిసినది. 2025 జనవరి 30న వాట్సాప్‌లో 161 సేవలతో ప్రభుత్వపు 'మన మిత్ర' మొదలైనది. ధ్రువపత్రమునకై ఒక దినపు కూలి పోగొట్టుకొను అవస్థ తప్పుట మేలే. గట్టు తగాదా మాత్రము వాట్సాప్‌లో తీరదు. దానికి గొలుసు పట్టుకొనిన సర్వేయరును, ఇరుపక్షముల మాటలను విను వీఆర్వోయు గట్టు మీదికి రావలయును.

వచ్చినవాడు ఎవరి అరుగు మీద కూర్చుండెను అనునది ఈ సీమలో చిన్న ప్రశ్న కాదు. ముఠాకక్షలతో తరతరములు నలిగిన పల్లెలలో, ఉద్యోగి ఒకరి యింట మంచినీళ్లు త్రాగిన సంగతి సాయంకాలమునకు ఊరంతయు ప్రాకును. ఆపై ఎదుటి వర్గమువారు అతనికి నిజము చెప్పరు. రచ్చకట్ట మీద, బడిలో, అందఱికిని సమముగా చెందిన చోట కూర్చొని వినుట ఇచ్చట మర్యాద మాత్రమే కాదు, న్యాయమునకు తొలి షరతు. సచివాలయ భవనము ఆ విధమైన చోటు కాగలదు, గ్రామసభను అచ్చట నిజముగా జరిపినచో.

వినుటవలన ఏమి కలుగునో నంద్యాలలోనే 1906 నుండి నిలిచియున్న వ్యవసాయ పరిశోధనా స్థానము చూపుచున్నది. ఇచ్చటి నల్లరేగళ్లలో వర్షాకాలము వెళ్లిన పిదప మిగిలిన తడి మీదనే శనగ పండును. చెట్టు కుఱుచ, వంగి పీకవలెను, ఆకుపై ఊరిన పులుసు తగిలి కూలి స్త్రీల చేతులు మండును, పగులును. కూలీలు దొఱకని బాధయు దీనికి తోడయ్యెను. ఇచ్చటి శాస్త్రజ్ఞులు దిగుబడిని మాత్రమే లెక్కింపక, కాయ నేలకు ఎత్తుగా నిలిచి యంత్రమునకు అందునట్లు నిటారుగా పెరుగు 'ధీర' అను శనగ వంగడమును తీసికొనివచ్చిరి. రైతు చేనులో నిలిచి, మండుచున్న ఆ చేతులను చూడని ఉద్యోగికి ఈ యూహ రాదు.

2024 ఆగస్టు 23న రాష్ట్రమందలి 13,326 పంచాయతీలలో ఒక్కదినముననే గ్రామసభలు జరిగినవి. ఉపాధి పనులకై ఎవరెవరు ఏమేమి కోరిరో ఆనాడు తీర్మానపు పుస్తకములలోనికి ఎక్కినది. నంద్యాల జిల్లాలో రాబోవు గ్రామసభకు కార్యదర్శి ఆ పుస్తకమునే చేతబట్టుకొని రావలయును; ఉపన్యాసములకు ముందే, కోరిన పని, జరిగినది, జరుగనిది, జరుగకపోవుటకు కారణము, వరుసగా పేర్లతో చదివి వినిపింపవలయును. తన పేరు వచ్చినపుడు ఆ మనిషి లేచి "కాలేదు సార్" అనినచో, ఆ మాటను కూడ ఆ పుట క్రిందనే వ్రాయవలయును.