సెడోనాకు వ్యానెక్కాలా, కారు తీయాలా?

మార్చి వచ్చిందంటే చాండ్లర్‌లో ఉన్న మా బోటివాళ్ళ ఫోన్లకు ఒకటే ప్రశ్న. డాలస్ నుంచి, న్యూజెర్సీ నుంచి వచ్చే చుట్టాలు, ఆర్నెల్లు ఉండిపోదామని ఇండియా నుంచి వచ్చిన అమ్మానాన్నలను ఎక్కడికి తిప్పాలో తోచని స్నేహితులు, అందరూ అదే అడుగుతారు. "సెడోనాకు మన కారులో పోదామా, టూరు వ్యాన్ బుక్ చేద్దామా?" పొద్దున ఏడింటికి ఎక్కించుకొని ఎడారి, ఎర్ర కొండల లోయ, ద్రాక్ష తోటలు, వైన్ రుచి అన్నీ ఒక్క రోజులో చూపించి చీకటి పడేసరికి దింపేసే వ్యాన్లు ఫీనిక్స్, స్కాట్స్‌డేల్ హోటళ్ళ ముందు నుంచి బయల్దేరుతుంటాయి. మనిషికి రెండు వందల డాలర్లకు కాస్త అటూ ఇటూ. సొంత కారైతే ఫీనిక్స్ నుంచి రానూపోనూ 230 మైళ్ళు, గ్యాసుకు ముప్ఫై నలభై డాలర్లు. నలుగురున్న ఇంటికి ఆ తేడా చిన్నది కాదు. అందుకే మనవాళ్ళలో చాలామంది ప్రశ్న పూర్తయ్యేలోపే కారు తాళాలు చేతిలోకి తీసుకుంటారు.

నేనూ ఏళ్ళ తరబడి అదే చేశాను. పోయిన ఏడాది అమ్మానాన్నలు వచ్చినప్పుడు మాత్రం వ్యానెక్కాం. నా భార్య పట్టుబట్టింది. "ప్రతిసారీ నువ్వు రోడ్డు చూస్తావు, మేం కొండలు చూస్తాం. ఒక్కసారి నువ్వూ చూడు" అంది.

ఆమె మాట నిజమని గంటలోపే తేలింది. ఐ-17 మీద బ్లాక్ కాన్యన్ సిటీ దాటగానే రోడ్డు కొండెక్కుతుంది. ఫీనిక్స్ ఎత్తు దాదాపు 1,100 అడుగులు, సెడోనా 4,350. ఈ ఎక్కుడులో ఎక్కడో, దారి పొడవునా చేతులెత్తి నిలబడి వస్తున్న సవారో కాక్టస్‌లు పల్చబడతాయి. సన్‌సెట్ పాయింట్ దాటేసరికి వెతికినా కనబడవు. ఇన్నేళ్ళూ ఆ దారిన పోతున్నాను గాని ఇది నా కంటబడలేదు. మా గైడు, స్కూల్లో సైన్సు చెప్పి రిటైరైన పెద్దాయన, కారణం చెప్పాడు. సవారో ఒళ్ళంతా నీళ్ళే. ఒక రోజుకు మించి గడ్డకట్టే చలి పట్టిందంటే లోపలి కండ చచ్చిపోతుంది. కాబట్టి చలి ముదిరే ఎత్తు వచ్చేసరికి అది ఆగిపోతుంది. పక్క సీట్లో నాన్న తలూపాడు. మాది కడప జిల్లా, నాన్నది చీనీ తోట. చెట్టు ఎక్కడ బతుకుతుంది, ఎక్కడ బతకదు అన్న మాట ఆయనకు గైడు చెప్పినా ఒకటే, వ్యవసాయ ఆఫీసరు చెప్పినా ఒకటే.

క్యాంప్ వర్డీ దగ్గర మాంటెజుమా కాసిల్ చూపించారు. సున్నపురాతి గోడలో, నేలకు ఎంతో ఎత్తున, ఐదంతస్తుల ఇరవై గదుల ఇల్లు. సినాగ్వా అని మనం పిలిచే జనం సుమారు తొమ్మిది వందల ఏళ్ళ కిందట కట్టడం మొదలుపెట్టారు. అది కాసిలూ కాదు, మాంటెజుమాదీ కాదు. పందొమ్మిదో శతాబ్దంలో ఇక్కడికొచ్చిన తెల్లవాళ్ళు అజ్‌టెక్ చక్రవర్తి కట్టించి ఉంటాడనుకొని ఆ పేరు పెట్టారు. ఆయన పుట్టకముందే ఈ ఇల్లు ఖాళీ అయిపోయింది. సినాగ్వా అన్నదీ స్పానిష్ మాటల నుంచి తీసి తర్వాతివాళ్ళు పెట్టిన పేరే, నీళ్ళు లేనివాళ్ళని అర్థం. వాళ్ళు కాపురమున్నది మాత్రం ఏటి ఒడ్డునే. వీళ్ళు తమ పూర్వీకులని హోపీ తెగవాళ్ళు చెప్పుకుంటారు. నేను సొంత కారులో వచ్చినప్పుడల్లా ఈ ఎగ్జిట్ దగ్గర "వచ్చేటప్పుడు చూద్దాంలే" అనుకొని దాటిపోయినవాణ్ణే. వచ్చేటప్పుడు ఎవరాగుతారు?

గైడు చెప్పిందల్లా బంగారమేమీ కాదు. సెడోనాలో కొన్ని కొండల దగ్గర భూమిలోంచి శక్తి సుడులు తిరుగుతుందని, దాన్ని వోర్టెక్స్ అంటారని పావుగంట చెప్పాడు. 1980ల నుంచి పాకిన ప్రచారం ఇది. ఏ కొలతకూ అందింది లేదు. "స్థలపురాణం లేని ఊరు యాడుంది లేరా" అని నాన్న తేల్చేశాడు. ఆ కొండలు ఎర్రగా ఎందుకున్నాయన్నది అంతకన్నా మంచి కథ. దాదాపు 28 కోట్ల ఏళ్ళ కిందటి ఇసుక, ఒక్కో రేణువు చుట్టూ పల్చటి ఇనుప తుప్పు పూత. అది రెండు వాక్యాల్లో ముగించాడు.

లెక్క తప్పింది సెడోనాలో. కెథీడ్రల్ రాక్ కనబడే చోట ఇరవై నిమిషాలు. 1956లో రాళ్ళ మధ్యన కట్టిన హోలీ క్రాస్ చాపెల్ దగ్గర ఇరవై ఐదు. తర్వాత ఊళ్ళో అంగళ్ళ మధ్య ఏకంగా గంటా పది నిమిషాలు. టీషర్టులకు, రంగురాళ్ళకు దొరికిన తీరిక కొండలకు దొరకలేదు. మెక్‌డొనాల్డ్స్ గుర్తు ఇక్కడ పసుపు కాక నీలిపచ్చగా ఉంటుందని, కొండల రంగును చెడగొట్టకూడదని ఊరివాళ్ళు పట్టుబట్టారని గైడు చూపిస్తే అమ్మ ఫోటో తీసుకుంది. నాన్న అసలు ప్రశ్న వేరే.

"మన గండికోట కాడ నిలబడితే కింద పెన్న కనబడతాది. కొండను కోసింది ఆ నీళ్ళే అని చూడంగానే తెలుస్తాది. ఇక్కడ ఏరు యాడుంది?"

ఉంది. ఓక్ క్రీక్ ఆ చెట్ల వెనకే పారుతోంది. పది నిమిషాల దూరంలో. వ్యానుకు ఆ పది నిమిషాలు లేవు. నాలుగ్గంటలకల్లా వెనక్కి తిరగాలి. మార్చి నెలలో ఇక్కడ పొద్దుగూకేది ఆరున్నరకు. ఎండ వాలుతున్నకొద్దీ ఆ రాళ్ళు ఇటుక రంగు నుంచి నిప్పు రంగులోకి మారే గంట అసలైన గంట. ఆ వేళకు మేం హైవే మీద ఉన్నాం.

వైన్ సంగతి ఇక్కడ కాస్త విడమర్చి చెప్పాలి. మన ఊళ్ళలో వైన్స్ అంటే మందు షాపు కాబట్టి, అమ్మకు "వైన్ కంట్రీ" అనగానే మొహం ముడుచుకుంది. తీరా పోతే ఓక్ క్రీక్ దగ్గర ఒక రేకుల షెడ్డు, బయట బల్లలు, ఎదురుగా కత్తిరింపు చేసి వదిలిన మోడు తీగల వరసలు. మార్చిలో ఇంకా చిగురు రాలేదు. ఒక్కొక్కరికీ నాలుగు గ్లాసులు, ఒక్కోదాంట్లో రెండు గుక్కలు. అమ్మ తాగదు, నా గ్లాసు తీసుకొని వాసన మాత్రం చూసింది. మాల్వేసియా అనే తెల్ల ద్రాక్ష వైన్ అది. "ఒరే, మల్లెపూల వాసనొస్తాంది!" అంది. పోసే అమ్మాయి చేతిలో ఉన్న కాగితం మీదా పూల వాసన అనే రాసుంది. పక్కన పెటిట్ సిరా అనే ఎర్రటి దాని గురించి, అందులో నాలుకను పట్టేసే గుణం గురించి ఆ అమ్మాయి రెండు నిమిషాలు ఇంగ్లీషులో వివరించింది. నాన్న ఒక గుక్క తాగి, "వగరు" అన్నాడు. నాకు అంతకుమించి అనువాదం చేయాల్సిన పని పడలేదు.

ఆ తర్వాత ఆయన బోరా, కాలవా అని అడిగాడు. ఎకరాకు ఎన్ని మొక్కలు, డ్రిప్పు ఎన్ని గంటలు, ఏప్రిల్‌లో మంచు పడితే చిగురు ఏమవుతుంది. ఆ అమ్మాయికి ముచ్చటేసి తోటలోకి రమ్మంది. మేం నాలుగో తీగ దాటకముందే గైడు చెయ్యూపాడు. టైమైంది.

ఇంకో మాట. ఈ తోటలున్న వర్డీ వ్యాలీకి ప్రత్యేక ద్రాక్ష ప్రాంతంగా అమెరికా ప్రభుత్వం గుర్తింపు ఇచ్చింది 2021లోనే. అరిజోనాలో అంతకుముందు ఆ గుర్తింపు పొందినవి రెండే, సొనోయిటా, విల్‌కాక్స్. రాష్ట్రంలో పండే వైన్ ద్రాక్షలో ఎక్కువ భాగం ఆగ్నేయ మూలన ఉన్న విల్‌కాక్స్ చుట్టుపక్కల నుంచే వస్తుంది. అంటే సెడోనా పక్కన కూర్చొని, ఎదురుగా తోట చూస్తూ తాగే వైన్ వందల మైళ్ళు లారీలో వచ్చిన పండుది కావచ్చు. అందులో మోసం లేదు, అడిగితే చెబుతారు, సీసా మీదా చాలాసార్లు ఉంటుంది. ఇక్కడ తోటలు నిజమైనవే, క్లార్క్‌డేల్‌లోని యావపై కాలేజీలో ద్రాక్ష సాగూ వైన్ తయారీ నేర్పే కోర్సూ ఉంది. కానీ నాపా లాంటిదేదో చూడబోతున్నామనుకొని వచ్చేవాళ్ళకు నిరాశ తప్పదు. మధ్యాహ్నం తిండి సంగతి చెప్పక్కర్లేదు. మాంసం ముక్కలూ చీజూ పేర్చిన పలక తెచ్చారు. అమ్మ పులిహోర డబ్బా తీసింది.

ఇన్ని వంకలు పెట్టాక కూడా వ్యాన్ వైపు ఒక వాదన మిగిలే ఉంది. అదే అన్నిటికన్నా బరువైనది. అరిజోనాలో రక్తంలో ఆల్కహాల్ 0.08 శాతానికి చేరితే నేరం. చేరకపోయినా, తాగింది డ్రైవింగ్‌ను కాస్తంత దెబ్బతీసిందని తేలితే అదీ నేరమే. మొదటిసారికే చట్టంలో రాసిన శిక్ష కనీసం 10 రోజుల జైలు. జడ్జి అందులో 9 రోజులు తగ్గించవచ్చు, కానీ ఒక రోజు లోపల ఉండాలి. హెచ్-వన్ మీద ఉన్నవాళ్ళకు ఇంకో గండం. అరెస్టయితే చాలు, కేసు తేలకముందే అమెరికా విదేశాంగ శాఖ పాస్‌పోర్టులోని వీసాను రద్దు చేయవచ్చు. దేశంలో ఉండనిచ్చినా, చెల్లెలి పెళ్ళికని ఇండియా పోతే మళ్ళీ స్టాంపింగు, వైద్య పరీక్ష, ఎన్నాళ్ళు పడుతుందో తెలియని ఎదురుచూపు. రెండేసి గుక్కలే కదా అనుకుంటాం. రెండేసి గుక్కల గ్లాసులు నాలుగు, అలాంటి టేస్టింగ్ రూములు మూడు, ఆపైన కొండ దిగుతూ రెండు గంటల డ్రైవింగు. ఆ లెక్క ముందు రెండు వందల డాలర్లు దండగ ఖర్చని నేననలేను.

సొంత కారుకూ తలనొప్పులు తక్కువేమీ కావు. షటిల్ బస్సులు నడిచే రోజుల్లో కెథీడ్రల్ రాక్ ట్రైల్ దగ్గర పార్కింగు మూసేస్తారు. మిగతా చోట్ల చాలావరకు రోజుకు 5 డాలర్ల పాస్ కొనాలి, కొన్నా జాగా దొరకాలి. ఆదివారం సాయంత్రం ఐ-17 మీద ఎక్కడైనా ఒక్క యాక్సిడెంటు అయితే పక్కదారి అంటూ చెప్పుకోదగ్గది లేదు.

నాకది అనుభవమే. వ్యాన్లో పోయొచ్చిన రెండు వారాలకు నాన్న అడిగిన ఏరు చూపించడానికని నా కారులో మళ్ళీ తీసుకెళ్ళాను. అంగళ్ళూ లేవు, వైనూ లేదు. నేరుగా రెడ్ రాక్ క్రాసింగ్. ఓక్ క్రీక్ అక్కడ చదునైన ఎర్ర బండల మీద పల్చగా పరుచుకొని పారుతుంది, కెథీడ్రల్ రాక్ నీడ అందులో పడుతుంది. నాన్న చెప్పులు విడిచి, ప్యాంటు మడిచి, మోకాళ్ళదాకా దిగాడు. మార్చి నీళ్ళు, మంచు కరిగినవి. "సలువ" అని కేకేసి మరీ అక్కడే నిలబడ్డాడు. పొద్దుగూకేదాకా మమ్మల్ని ఎవరూ పిలవలేదు. తిరుగు దారిలో ట్రాఫిక్ ఆగిపోయింది. ఇల్లు చేరేసరికి పదకొండు దాటింది. వెనక సీట్లో అందరూ నిద్రపోయారు, నేను మాత్రం కళ్ళు మూతలు పడకుండా అద్దం దించుకొని తోలాను. ఆ రాత్రి నాకు ఆ సైన్సు మేష్టారు గుర్తొచ్చాడు.

రెండూ చూశాక నా తీర్పు ఇది. పెద్దవాళ్ళతో పోతూ, తాగేవాళ్ళు ఎవరూ లేకపోతే సొంత కారే మేలు. వైన్ మాట మరిచిపోయి ఆ సమయమంతా ఏటి ఒడ్డుకు ఇవ్వండి. తాగేవాళ్ళు ఇద్దరు ముగ్గురున్నా, డ్రైవరు బలవంతంగా ఎండు నాలుకతో కూర్చోవాల్సి వచ్చినా వ్యానెక్కండి, ఖర్చు గురించి ఆలోచించకండి. ఇంకో రోజు సెలవు దొరికేవాళ్ళకు రెంటికన్నా మంచి దారి ఉంది. సెడోనాకు అరగంట దూరంలో కాటన్‌వుడ్. పాత బజారు ఒక్క వీధిలో టేస్టింగ్ రూములన్నీ నడిచిపోయేంత దగ్గర. పగలంతా లోయ, సాయంత్రం అక్కడ గది తీసుకొని, కారు పార్కింగులో వదిలేసి నడక.

ఈ నెలాఖరుకు మా బావా అక్కా వస్తున్నారు, కాటన్‌వుడ్‌లో గది తీసేశాను. మీకు ఒక్క రోజే ఉండి వ్యానే ఎక్కాలనుకుంటే, డబ్బు కట్టకముందు ఫోన్ చేసి రెండు ప్రశ్నలు అడగండి. ఏటి దగ్గర ఎన్ని నిమిషాలు ఆపుతారు? సాయంత్రం ఎన్నింటికి వెనక్కి తిప్పుతారు?